బెంగళూరు పోస్టింగ్‌లో హెచ్ఆర్ఏ, టీపీటీఏ, క్వార్టర్: ఏడాది పాటు నా అనుభవం

2024 ఆగస్టు అద్దె నా జేబులోంచి కట్టాను. ఆ నెలకు రావాల్సిన హెచ్ఆర్ఏ (ఇంటి అద్దె అలవెన్స్) 2025 జనవరి జీతంతో చేతికొచ్చింది. ఈ మధ్యలో ఏ కాగితం ఎక్కడ ఆగింది, ఇంట్లో ఎలా నెట్టుకొచ్చాం అన్నది రాయాలని ఎప్పటినుంచో అనుకుంటున్నాను, ఎందుకంటే ఫీల్డ్ (కుటుంబాన్ని వెంట ఉంచుకోలేని చోట డ్యూటీ) నుంచి బెంగళూరుకో చెన్నైకో పోస్టింగ్ పడిన మన తెలుగు కుర్రాళ్లు ఫోన్ చేసి అడిగేది ఇదే. యూనిట్ పేరు, అది ఎక్కడుందీ రాయను, రాయకూడదు కూడా. నేను ఆర్మీలో హవల్దార్‌ని, జీతం లెవెల్ 5, అప్పటికి నా బేసిక్ 39,200. మాది మదనపల్లె దగ్గర పల్లె.

పెళ్లయి ఎనిమిదేళ్లయినా నేనూ నా భార్యా ఒక ఇంట్లో కాపురం చేసింది సెలవుల్లోనే. పాపకు ఆరేళ్లు. నేను ఇంటికొచ్చిన మొదటి రెండు మూడు రోజులు దగ్గరికి రాదు, అలవాటయ్యేసరికి నా సెలవు అయిపోతుంది. మే నెలలో బెంగళూరు ఆర్డర్ వచ్చిందని ఫోన్‌లో చెబితే నా భార్య, "ఈసారి మేమూ వస్తాం. అడగడంల్యా, చెప్తా ఉండా" అంది. నాకు సంతోషంతో పాటు టెన్షన్ కూడా మొదలైంది, బెంగళూరులో అడ్వాన్సుల సంగతి అందరికీ తెలిసిందే కదా.

జూన్ 10న రిపోర్ట్ చేశాను, అదే రోజు యూనిట్ లెక్కలోకి నా పేరు ఎక్కింది (టీఓఎస్). కొన్నాళ్లు లైన్లలోనే (యూనిట్ బ్యారక్‌లలో) ఉన్నాను. మా కంపెనీలో శ్రీకాకుళం నుంచి వచ్చిన ఒక నాయబ్ సుబేదార్ సాబ్ ఉన్నారు, మొదటి రోజే పిలిచి కూర్చోబెట్టి చెప్పారు: "ఇల్లు తర్వాత చూద్దువుగాని, ముందు క్వార్టర్‌కి పేరు రాయించు. అది రాయిస్తేనే లేదని కాగితం ఇస్తారు. ఆ కాగితం లేకపోతే నీకు హెచ్ఆర్ఏ రాదు." ఆ కాగితమే ఎన్ఏసీ, క్వార్టర్ ఖాళీ లేదని స్టేషన్ నుంచి ఇచ్చే సర్టిఫికెట్. అందరూ అద్దె ఇల్లు దొరకడమే కష్టం అనుకుంటారు. నాకైతే ఇల్లు మూడు వారాల్లో దొరికింది, కాగితాలకే నెలలు పట్టింది.

క్వార్టర్ దరఖాస్తుకు పెళ్లి పార్ట్ టూ ఆర్డర్ (మన వివరాల్లో, అలవెన్సుల్లో వచ్చే మార్పును యూనిట్ నమోదు చేసే ఉత్తర్వు) కాపీ, పాప పుట్టిన పార్ట్ టూ ఆర్డర్ కాపీ, కుటుంబం ఫొటో, యూనిట్ లెటర్ అడిగారు. నా దగ్గర అన్నీ ఒక ఫైలులో ఉన్నాయి కాబట్టి అదే వారంలో పేరు ఎక్కింది. నాతో పాటే వచ్చిన ఒక నాయక్‌కి బాబు పుట్టిన పార్ట్ టూ కాపీ దొరక్క పాత యూనిట్ నుంచి తెప్పించుకునేసరికి జూలై దాటిపోయింది, వెయిటింగ్ లిస్టులో అతని పేరు అంత కిందికి పోయింది. క్వార్టర్ రావడానికి ఎనిమిది నుంచి పది నెలలు పట్టవచ్చని చెప్పారు. ఎన్ఏసీ మాత్రం జూలై చివరి వారంలో చేతికొచ్చింది. ఐదు వారాలకు పైగా ఎదురుచూశాను. ఆ ఐదు వారాల్లో ఊళ్లో బడి తెరిచేశారు. పాపను ఒకటో తరగతిలో అక్కడ చేర్చాలా, ఆపాలా అని ఇంట్లో రోజూ ఇదే మాట. మా నాయన "ఈ ఏడు ఇక్కడే చదవనీ, తర్వాత చూద్దాం" అన్నాడు. నా భార్య ఆ మాటకు బదులు చెప్పలేదు, నాకు ఫోన్ చేసి ఏడ్చింది. ఆ రాత్రే నిర్ణయించుకున్నాను, ఎంత ఖర్చయినా ఆగస్టుకు వాళ్లను తీసుకురావాలని.

ఇక్కడ లెక్క చెప్పాలి. బెంగళూరు ఎక్స్ తరగతి నగరం. 2024 జనవరి నుంచి డీఏ 50 శాతం అయ్యాక ఎక్స్ నగరాల్లో హెచ్ఆర్ఏ బేసిక్‌లో 30 శాతం, వై నగరాల్లో 20, మిగతా చోట్ల 10. మన హైదరాబాద్, చెన్నై కూడా ఎక్స్‌లోనే ఉన్నాయి. విజయవాడ, విశాఖ వై. నా బేసిక్ మీద 30 శాతం అంటే నెలకు 11,760. చాలామంది కుర్రాళ్లు బేసిక్‌కి ఎంఎస్పీ (మిలిటరీ సర్వీస్ పే) 5,200 కలిపి 30 శాతం వేసుకుంటారు, అలా కాదు. ఎంఎస్పీ డీఏకి, పెన్షన్‌కి కలుస్తుంది గానీ హెచ్ఆర్ఏకి కలవదు. ఆ తేడా నెలకు 1,560, ఇల్లు చూసుకునేటప్పుడు అది చిన్న మొత్తం కాదు. ఫీల్డ్‌లో ఉన్నప్పుడు కుటుంబం ఉండే చోటును బట్టి హెచ్ఆర్ఏ ఇస్తారు, నా వాళ్లు పల్లెలో ఉన్నారు కాబట్టి నాకు 10 శాతం, అంటే 3,920 వస్తుండేది. ఈ 3,920 తర్వాత నన్ను ఎంత ఇబ్బంది పెట్టిందో చెప్తాను.

ఇల్లు వెతకడం జూలై ఆదివారాల్లో. యూనిట్‌కి దగ్గరలో రెండు గదుల ఇల్లు ఇరవై ఐదు వేలకు తక్కువ లేదు. బ్రోకర్ ఒకతను లీజుకు తీసుకోమన్నాడు, ఒకేసారి లక్షల్లో కడితే నెల అద్దె ఉండదు, ఖాళీ చేసేటప్పుడు డబ్బు మొత్తం తిరిగిస్తారు. వినడానికి బాగుంటుంది. కానీ హెచ్ఆర్ఏకి మనం అద్దె మీద ఖర్చు పెడుతున్నామని సర్టిఫికెట్ మీద సంతకం చేయాలి, పైగా పోస్టింగ్ ఎప్పుడొస్తుందో తెలియని మనం అన్ని లక్షలు ఒకరి చేతిలో పెట్టి నిద్రపోలేం. వద్దన్నాను.

చివరకు కేఆర్ పురం అవతల టీసీ పాళ్య వైపు ఒక ఇంటికి టు లెట్ బోర్డు చూసి లోపలికి వెళ్లాను. ఇంటావిడ కోలారు వైపు మనిషి, తెలుగు మాట్లాడుతుంది. నేను మిలిటరీ అని తెలియగానే కుర్చీ వేసి, "మిలిటరీవాళ్లయితే బాడిగ టైముకి కడతారప్పా" అంది. అద్దె 13,500, నీళ్లకు 300. అడ్వాన్స్ పది నెలలది అడిగింది, అంటే 1,35,000. మాట్లాడి మాట్లాడి లక్షకు ఒప్పించాను. నాయబ్ సుబేదార్ సాబ్ ముందే చెప్పి పంపిన ఇంకొక మాట కూడా అగ్రిమెంట్‌లో రాయించాను: ప్రభుత్వ క్వార్టర్ అలాట్ అయినా, పోస్టింగ్ వచ్చినా ఒక నెల నోటీసుతో ఖాళీ చేయవచ్చు, పదకొండు నెలలు పూర్తి కాలేదని అడ్వాన్స్‌లో కోత పెట్టకూడదు. ఆమె కాసేపు ఆలోచించి, పెయింటింగ్‌కి ఒక నెల అద్దె మాత్రం పట్టుకుంటానంది. సరే అన్నాను, బెంగళూరులో అది అందరూ పట్టుకుంటారు. ఏప్రిల్‌లో నన్ను కాపాడింది ఈ ఒక్క వాక్యమే.

లక్ష ఎక్కడిది? బదిలీకి ఒక నెల బేసిక్‌లో 80 శాతం గ్రాంట్ వస్తుంది, నాకది ముప్పై వేల పైనే. కానీ అది క్లెయిమ్ పాసయ్యాక వచ్చే డబ్బు, అప్పటికి రాలేదు. నా దగ్గర చేతిలో ఉన్నది నలభై వేలు. నా భార్య పుట్టింటివాళ్లు పెట్టిన హారం మదనపల్లెలో బ్యాంకులో పెట్టి ఎనభై వేలు తెచ్చింది. నేను అడగలేదు, ఆమే పెట్టి రసీదు ఫొటో పంపింది. ఆ ఫొటో చూసి లైన్లలో మంచం మీద చాలాసేపు అలాగే కూర్చున్నాను. పదహారేళ్ల సర్వీసు తర్వాత ఇల్లు పెట్టడానికి పెళ్లాం హారం తాకట్టు పెట్టాల్సి వచ్చిందే అని బాధ, అయినా ఈ పని చేసి తీరాలన్న పట్టుదల, రెండూ ఒకేసారి.

ఎన్ఏసీ, అగ్రిమెంట్ కాపీ పెట్టి అవుట్ లివింగ్ పర్మిషన్‌కి, అంటే బయట అద్దె ఇంట్లో ఉండే అనుమతికి దరఖాస్తు చేశాను, ఆగస్టు 1 నుంచి ఇచ్చారు. ఆ వారాంతంలో టాటా ఏస్‌లో సామాన్లు వేసుకుని కుటుంబం వచ్చింది. రసీదుల సంగతి చాలామంది అడుగుతారు. హెచ్ఆర్ఏ కోసం నన్ను నెలనెలా అద్దె రసీదులు ఎవరూ అడగలేదు, ఎనిమిది వేల ఇంట్లో ఉన్నా పదిహేను వేల ఇంట్లో ఉన్నా వచ్చేది అదే 11,760. రసీదులు కావాల్సింది పాత పద్ధతిలో ఇన్‌కమ్ ట్యాక్స్ మినహాయింపు తీసుకునేవాళ్లకు, అద్దె ఏడాదికి లక్ష దాటితే ఇంటి యజమాని పాన్ కూడా ఇవ్వాలి. నేను కొత్త పద్ధతిలో ఉన్నాను, నాకు ఆ బాధ లేదు.

హెచ్ఆర్ఏ పార్ట్ టూ ఆర్డర్ ఆగస్టు రెండో వారంలో పబ్లిష్ అయింది. ఆగస్టు నెలాఖరు జీతం స్లిప్‌లో రాదని తెలుసు, సెప్టెంబర్‌లో వస్తుందనుకున్నాను. సెప్టెంబర్ మధ్యలో హమ్‌రాజ్ యాప్‌లో (జీతం, పార్ట్ టూ వివరాలు చూసుకునే ఆర్మీ యాప్) చూస్తే రిజెక్టెడ్ అని ఉంది. గుండె జారిపోయింది. హెడ్ క్లర్క్ సాబ్ దగ్గరికి పరుగెత్తాను. ఆయన చూసి చెప్పింది ఏమిటంటే, పాత యూనిట్‌లో ఊరి రేటుకు మొదలైన ఆ 3,920 ఇంకా నడుస్తోంది, దాన్ని ఆపుతూ అక్కడి నుంచి పార్ట్ టూ రాలేదు. పాతది ఆగకుండా కొత్తది మొదలుకాదు. నేను అక్కడి నుంచి క్లియరెన్స్ తీసుకున్న రోజున అన్నీ రాసి పంపుతామన్నారు, అది మాత్రం ఎవరి బల్ల మీదో ఉండిపోయింది.

ఆ తర్వాత రెండు నెలలు నాకు బాగా గుర్తుండిపోయాయి. పాత యూనిట్ ఉన్న చోట ఫోన్ సిగ్నల్ సరిగ్గా ఉండదు. మిలిటరీ లైన్ దొరికితే క్లర్క్ దొరకడు, క్లర్క్ దొరికితే సంతకం పెట్టే ఆఫీసర్ లీవులో ఉంటాడు. మా యూనిట్ నుంచి లెటర్ రాశారు, గుర్తు చేస్తూ ఇంకో లెటర్ రాశారు. అక్కడ ఇంకా ఉన్న నా పాత దోస్తు ఒకడు, కర్నూలు కుర్రాడు, "అన్నా, నేను పోయి పక్కన నిలబడి రాయిస్తా" అని చెప్పి నిజంగానే నిలబడి రాయించాడు. నవంబర్ మొదట్లో అక్కడి నుంచి ఆపే పార్ట్ టూ పబ్లిష్ అయింది, దాని నంబరు తేదీ వాట్సాప్‌లో పంపాడు. మా వాళ్లు కొత్తది మళ్లీ పబ్లిష్ చేశారు. డిసెంబర్ మూడో వారంలో హమ్‌రాజ్‌లో యాక్సెప్టెడ్ కనిపించింది. ఆ నెల జీతం అప్పటికే తయారైపోయింది కాబట్టి డబ్బు జనవరికి.

ఫీల్డ్ నుంచి బయల్దేరేవాళ్లకు ఇది చెప్పాలనే ఇంత రాస్తున్నాను. హెచ్ఆర్ఏ ఆపే పార్ట్ టూ నంబరు, తేదీ చేతిలో లేకుండా పాత యూనిట్ గేటు దాటకండి. "పంపుతాం" అన్న మాట తీసుకుని రావొద్దు, కాపీ తీసుకుని రండి. ఒక పూట ఆలస్యమైనా రైలు ఇంకొకటి ఉంటుంది.

ఆ ఐదు నెలలు ఇల్లు ఎలా గడిచిందంటే, అద్దె 13,500లో హెచ్ఆర్ఏ కింద వస్తున్నది 3,920 మాత్రమే, మిగతా తొమ్మిదిన్నర వేలు జీతంలోంచే. ఊరికి నాయనకు పంపేది సగం చేశాను. పాపను కేంద్రీయ విద్యాలయంలో చేర్చాలనుకుంటే ఆ సమయానికి ఒకటో తరగతిలో సీటు లేదు, దగ్గరలో ప్రైవేట్ స్కూల్లో వేశాం, ఫీజు, యూనిఫాం, పుస్తకాలు అంతా కలిపి నలభై ఐదు వేలు దాటింది. సరుకులు మిలిటరీవాళ్ల సీఎస్‌డీ క్యాంటీన్‌లో తెచ్చుకోవడం చాలా ఆదుకుంది. ఒకరోజు నా భార్య పప్పు తిరగమోత పెడుతూ, మామూలుగా అడిగినట్టే, "మనం మళ్లీ ఊరికి పోవాల్సి వస్తుందా?" అంది. పక్కనే పాప నాకు షూ పాలిష్ చేసి పెడతానని కూర్చుంది, అప్పటికి నాకు బాగా దగ్గరైంది. లేదని గట్టిగా చెప్పాను. లోపల మాత్రం నాకు అంత ధైర్యం లేదు.

జనవరి స్లిప్‌లో బాకీ పడింది. ఆగస్టు నుంచి డిసెంబర్ దాకా నెలకు 7,840 తేడా, మొత్తం 39,200. సరిగ్గా ఒక నెల బేసిక్. స్లిప్ ప్రింట్ తీసి ఇంటికి తీసుకెళ్లాను, నా భార్య రెండుసార్లు చదివించుకుంది. మరుసటి ఆదివారం పాపతో ఉల్సూరు చెరువు దగ్గర బోటెక్కాం, వచ్చిన తర్వాత మేం ముగ్గురం బయటికెళ్లి ఖర్చు పెట్టింది అదే మొదలు.

ఇక రాకపోకల ఖర్చు. దీనికిచ్చే అలవెన్సే టీపీటీఏ, ఆ విషయంలో నేను భయపడినంత జరగలేదు. బెంగళూరు పెద్ద రేటు ఇచ్చే నగరాల్లో ఒకటి, లెవెల్ 3 నుంచి 8 దాకా నెలకు 3,600, దాని మీద డీఏ. నేను ప్రత్యేకంగా దరఖాస్తు ఏమీ పెట్టలేదు, సెప్టెంబర్ స్లిప్‌లో దానంతట అదే ఈ నగరం రేటుకు మారి వెనకటి బాకీతో సహా వచ్చింది. అప్పుడు 50 శాతం డీఏతో 5,400. అక్టోబర్‌లో డీఏ 53 శాతం చేశారు, జూలై నుంచి లెక్క, అలా 5,508 అయింది.

ఆ డబ్బు సరిపోయిందా అంటే, డబ్బు సరిపోయింది, టైమే సరిపోలేదు. పీటీ (ఉదయం వ్యాయామం) ఆరింటికి. టీసీ పాళ్య నుంచి బండి మీద టిన్ ఫ్యాక్టరీ దాకా వచ్చి, అక్కడ మా ఊరివాళ్ల కొట్టు ముందు బండి పెట్టి, మెట్రో ఎక్కేవాడిని. వైట్‌ఫీల్డ్‌లో ఐదింటికి బయల్దేరే మొదటి రైలు పట్టుకుంటే పీటీకి అందుకుంటాం, అది తప్పితే అంతే. నాలుగున్నరకు లేచేవాడిని. ఆదివారం మొదటి రైలు ఏడింటికి కాబట్టి ఆదివారం గార్డ్ డ్యూటీ పడితే మొత్తం దారి బండి మీదే. సాయంత్రం టిన్ ఫ్యాక్టరీ ట్రాఫిక్ గురించి బెంగళూరులో ఉన్నవాళ్లకు చెప్పక్కర్లేదు. 2025 ఫిబ్రవరిలో మెట్రో చార్జీలు బాగా పెంచారు, గరిష్ఠ టికెట్ 60 నుంచి 90కి పోయింది. నాకు పోనూ రానూ రోజుకు వందకు దగ్గరగా అయ్యేది. అప్పట్లో నెల పాస్ లేదు. స్మార్ట్ కార్డు మీద ఐదు శాతం తగ్గింపు, రద్దీ లేని గంటల్లో పది శాతం, మన తెల్లవారుజాము ప్రయాణం ఆ పది శాతంలోకి వస్తుంది. పెట్రోలు కలిపినా టీపీటీఏలో రెండు వేల పైన మిగిలేది, అది అద్దె గుంతలో పోసేవాళ్లం.

ఇందులో ఎవరూ ముందుగా చెప్పని సంగతి ఒకటుంది. ఒక క్యాలెండర్ నెల మొత్తం మనం డ్యూటీలో లేకపోతే ఆ నెల టీపీటీఏ రాదు. అక్టోబర్ 10 నుంచి డిసెంబర్ 8 దాకా అరవై రోజుల యాన్యువల్ లీవు తీసుకున్నారనుకోండి, నవంబర్ మొత్తం పోయినట్టే. మా దగ్గర ఒకతను ముప్పై రోజుల లీవు సరిగ్గా సెప్టెంబర్ ఒకటి నుంచి ముప్పై దాకా తీసుకుని ఐదు వేలకు పైగా పోగొట్టుకున్నాడు. అదే లీవు పదిహేనో తారీకు నుంచి తీసుకుని ఉంటే పైసా పోయేది కాదు. నేను నాదాన్ని రెండు ముక్కలు చేశాను, రెండూ నెల మధ్యలో మొదలయ్యేటట్టు.

నా భార్యకు సిటీ బస్సు ఉచితం అనుకున్నాం, కర్ణాటకలో ఆడవాళ్లకు శక్తి పథకం ఉంది కదా. కండక్టర్ ఆధార్ చూసి, ఆంధ్ర అడ్రసు కాబట్టి టికెట్ తీసుకోమన్నాడు. కర్ణాటక అడ్రసు ఉన్నవాళ్లకే అది. అడ్రసు మార్పిద్దామా అనుకున్నాం గానీ ఊళ్లో రేషన్ కార్డు, మిగతా పనులన్నీ ఆ ఆధార్ మీదే నడుస్తున్నాయి, మార్చలేదు. పాపను బడి నుంచి తీసుకురావడానికి ఆమె నడిచే వెళ్లేది.

ఏప్రిల్ 2025 రెండో వారంలో క్వార్టర్ అలాట్ అయింది. పది నెలలు, వాళ్లు చెప్పినట్టే. సంతోషించాల్సిన విషయమే, కానీ అప్పుడే టీసీ పాళ్య ఇల్లు మాకు అలవాటైంది, ఇంటావిడ పాపకు రోజూ ఏదో ఒకటి చేతిలో పెట్టేది, నా భార్యకు వీధిలో స్నేహితులయ్యారు. వద్దంటే ఏమవుతుందని నాయబ్ సుబేదార్ సాబ్‌ని అడిగాను. "వద్దని రాసిస్తే నీ ఎన్ఏసీ అక్కడితో పోయింది. హెచ్ఆర్ఏ ఆగిపోతుంది, సొంత డబ్బుతో ఉండాలి. ఆలోచించుకో" అన్నారు. ఆలోచించడానికి ఏముంది. నెలకు 11,760 వదులుకుని అద్దె ఇంట్లో ఉండే స్థోమత నాకు లేదు. పైగా బడి సెలవులు, మారడానికి అంతకన్నా మంచి సమయం దొరకదు.

మార్చింగ్ ఇన్, అంటే క్వార్టర్ అప్పగించే రోజున ఎంఈఎస్ (మిలిటరీ ఇంజనీరింగ్ విభాగం) నుంచి ఒకతను ఇన్వెంటరీ షీటు పట్టుకుని వస్తాడు. ఎన్ని ఫ్యాన్లు, ఎన్ని ట్యూబులైట్లు, ఎన్ని కుళాయిలు, తలుపు గడియలతో సహా అందులో ఉంటాయి. సంతకం తొందరగా పెట్టించుకుని పోదామని చూస్తారు. నేను ప్రతి కుళాయీ తిప్పి చూశాను. వంటింట్లో కుళాయి లేదు, ఒక ఫ్యాన్ తిరగలేదు, పడకగది గోడకు చెమ్మ ఉంది, బాత్రూం కిటికీ అద్దం పగిలి ఉంది. అన్నీ షీటు మీద రాయించి, ఫొటోలు తీసి, అప్పుడు సంతకం పెట్టాను. రాయించకపోతే ఖాళీ చేసేరోజు ఇవే మన జీతంలోంచి కోస్తారు. పాత క్వార్టరే, రెండో అంతస్తు, లిఫ్టు లేదు, గదులు టీసీ పాళ్య ఇంటికన్నా చిన్నవి. కానీ సాయంత్రం పిల్లలందరూ కింద ఆడుకుంటారు, ఎవరింట్లో ఎవరి నాన్న ఫీల్డ్‌లో ఉన్నాడో అందరికీ తెలుసు. నా భార్యకు వారంలోనే ఇద్దరు తెలుగువాళ్లు దొరికారు, ఒకామె గుంటూరు, ఒకామె వరంగల్. పాపకు రెండో తరగతికి కేంద్రీయ విద్యాలయంలో సీటు వచ్చింది.

అద్దె ఇంటికి ఏప్రిల్‌లో నోటీసిచ్చి మే నెలాఖరుకు తాళాలు ఇచ్చాను, అంటే మేలో హెచ్ఆర్ఏ లేకుండా అద్దె కట్టుకున్నాను. ఆ ఒక నెల నష్టం తప్పదు, ముందే లెక్కలో వేసుకోండి. పదకొండు నెలలు నిండలేదని ఇంటావిడ కొడుకు కొంచెం గొణిగాడు, అగ్రిమెంట్‌లో ఆ వాక్యం చూపించాను, ఆమే కొడుకుని ఆపింది. పెయింటింగ్‌కి 13,500 పట్టుకుని మిగతా 86,500 జూన్ రెండో వారంలో బ్యాంకులో వేసింది.

హెచ్ఆర్ఏ ఆపే పార్ట్ టూ మాత్రం ఈసారి నేనే వెంటపడి క్వార్టర్‌లో చేరిన వారంలోనే పబ్లిష్ చేయించాను. అయినా యాక్సెప్ట్ అయ్యేసరికి మే జీతంలో ఇంకోసారి 11,760 పడింది. అది ఖర్చు పెట్టొద్దని పక్కన పెట్టించాను, ఏప్రిల్‌లో మిగిలిన రోజులతో కలిపి జూలై స్లిప్‌లో రికవరీ కింద మొత్తం కోసేశారు. పక్కన పెట్టకపోతే జూలై మళ్లీ అప్పుల నెల అయ్యేది.

టీపీటీఏ క్వార్టర్‌కి వచ్చినా ఆగలేదు. కానీ క్వార్టర్ల దగ్గర నుంచి ఒక డ్యూటీ బస్సు నడుస్తుంది, దానిలో రోజూ వెళ్తామంటే పేరు రాసుకుంటారు, ప్రభుత్వ బండి వాడేవాళ్లకు టీపీటీఏ ఇవ్వరు. కొందరు కుర్రాళ్లు ఇది తెలియక బస్సు లిస్టులో పేరు రాయించి తర్వాత స్లిప్ చూసి లబోదిబోమన్నారు. నేను పేరు రాయించలేదు. 2025 జనవరి నుంచి డీఏ 55 శాతం, అలా టీపీటీఏ 5,580 వచ్చేది. సైకిల్ కొన్నాను, పీటీకి పావుగంటలో చేరతాను, ఐదింటి దాకా పడుకోగలుగుతున్నాను.

అడ్వాన్స్ తిరిగి రాగానే హారం విడిపించాం, వడ్డీ ఏడు వేలకు పైగా అయింది. బదిలీ గ్రాంట్ అంతకు ముందే, అక్టోబర్‌లో వచ్చింది, అది బడి ఫీజు రెండో వాయిదాకు సరిపోయింది. ఇది రాస్తున్నప్పటికి, ఆగస్టు 2025 స్లిప్‌లో రికవరీలు ఏమీ లేవు, హెచ్ఆర్ఏ లేదు, టీపీటీఏ సరిగ్గా ఉంది. రావాల్సింది ఒక్కటే మిగిలింది, పాప ప్రైవేట్ స్కూల్ ఏడాదికి పిల్లల చదువు అలవెన్స్, నెలకు 2,812.50 చొప్పున. స్కూలు నుంచి సర్టిఫికెట్ తెచ్చి మేలోనే క్లెయిమ్ పెట్టాను, హమ్‌రాజ్‌లో ఇంకా ఏమీ కనపడలేదు. వచ్చే సోమవారం హెడ్ క్లర్క్ సాబ్ లీవు నుంచి వస్తారు, వెళ్లి అడగాలి.